గోడ అవతల గుమ్మడిపాలెం

1994 ఆగస్టు 5, శుక్రవారం

ఆర్థర్ ఈరోజు కూడా మాట్లాడలేదు. జావ నాలుగు చెంచాలు. అయిదోది గడ్డం మీదుగా దిండు మీదికి.

ఈస్టరు వెళ్లాక పక్షవాతంతో పడిపోయాడు నా తమ్ముడు. కుడి చెయ్యి లేదు, కుడి కాలు లేదు, నోరు లేదు. చెవులు బాగానే ఉన్నాయంటాడు డాక్టరు. "మాట్లాడాలనీ తినాలనీ మనిషికే కోరిక పుట్టాలమ్మా. అది మందుల్లో లేదు" అంటాడు. ఈ సంగతి చెప్పడానికి ఫీజు.

మందుల్లో లేదని తెలిసే ప్రభువుకు మాట ఇచ్చాను. ఆర్థర్ నోరు తెరిచి మాట్లాడేదాకా ఈ ఇంట్లో టీవీ వెలగదు. శుక్రవారాలు ఉపవాసం. సాయంత్రం ఏడింటికి గృహ ప్రార్థన. టీవీని నా గదిలో మూలకు జరిపించి, బూడిదరంగు దుప్పటి కప్పి, పైన కుట్టుమిషను మూత పెట్టాను.

మేబెల్ ముఖం మాడ్చుకుంది. మా ముగ్గురిలో చిన్నది. ఆఫీసులో టైపిస్టు. "అన్నయ్యకి సరదా అన్నది అదొక్కటే కదా అక్కయ్యా" అంది.

యాభై దాటిన మనిషికి, ముప్పై ఏళ్లు గూడ్సు గార్డుగా పచ్చజెండా ఊపినవాడికి, ఉన్న సరదా అదొక్కటేనట. అదంటే 'గుమ్మడిపాలెం గుట్టు'. శుక్రవారం ఏడున్నరకు వస్తుంది. అదొక చిన్న ఊరు. అందులో బుచ్చిలింగం అని ఒక హెడ్ కానిస్టేబులు. సైకిలెక్కితే చైను ఊడుతుంది, పరుగెత్తితే బెల్టు ఊడుతుంది. ఊళ్లో ఎప్పుడూ ఏదో ఒకటి పోతుంది. ఒకసారి కోడిపుంజు, ఒకసారి పెళ్లికొడుకు బూట్లు. ఇతగాడు ప్రతి ఇంటికీ వెళ్లి, ప్రతి ఇంట్లోనూ తిని, చివరికి పొట్ట తడుముకుని "ఆగండాగండి... నాకు ఆకలేస్తోంది!" అంటాడు. అంటే దొంగ దొరికాడన్నమాట. తరువాత దొంగతో సహా అందరూ అరుగు మీద కూర్చుని పునుగులు తింటారు.

ఇదీ నేరపరిశోధన. దీనికోసం ఏడున్నరకు మా చిలకలగూడలో వీధులు ఖాళీ అవుతాయి.

పడిపోకముందు ఆర్థర్ దీనికోసమే గుడిలో శుక్రవారం ప్రార్థన కూడికలు ఎగ్గొట్టేవాడు. నేనేమీ అనడం లేదు. రాసుకుంటున్నాను, అంతే.

ఆగస్టు 6

నాలుగు చెంచాలు.

ఆగస్టు 12, శుక్రవారం

గృహ ప్రార్థనకు మా చర్చి పాస్టరు జకర్యా అయ్యగారు వచ్చారు. డోరా, ఆమె వెనక స్త్రీల సమాజం వాళ్లు. డోరా సమాజానికి అధ్యక్షురాలు. ఆమె ప్రార్థన రైల్వే స్టేషను దాకా వినబడుతుంది. దేవుడికి చెవుడని ఆమెకెవరు చెప్పారో తెలియదు.

మేమంతా ముందు గదిలో కూర్చున్నాం. ఆర్థర్ మంచం లోపలి గదిలో, గోడను ఆనుకుని ఉంటుంది. ఆ గోడకు ఇటు మేము, అటు విమలమ్మ, ఆమె భర్త పర్వతాలు. ఈ వరస ఇళ్లన్నీ ఇంతే. ఒకరింట్లో పోపు వేస్తే ఇంకొకరింట్లో తుమ్ముతారు.

డోరా ప్రార్థన సగంలో ఉండగా లోపల చప్పుడయింది. పొలమారిందనుకుని పరుగెత్తాను. ఆర్థర్ నవ్వుతున్నాడు. నోరు ఒక పక్కకే సాగిన నవ్వు, కానీ గొంతుతో నవ్విన నవ్వు. ఆ గొంతు విని ఎన్నాళ్లయిందో. జావ గిన్నె అందుకున్నాను. వాడే నోరు తెరిచాడు. గిన్నె ఖాళీ అయింది.

డోరా గుమ్మంలోనే మోకాళ్లూనింది. "చూశావా కాంతమణీ! 'వీణ్ణి ముట్టు ప్రభువా' అన్నాను చూడు, సరిగ్గా ఆ మాటకే!"

సరిగ్గా అప్పుడు ఆమె ప్రార్థిస్తున్నది గుడి పైకప్పు రేకుల గురించి. నేను దిద్దలేదు. స్తోత్రం.

పక్కింట్లో ఒకటే గోల. ఎవరికో ఆకలేస్తోందట.

ఆగస్టు 13

మళ్లీ నాలుగు చెంచాలు. శుక్రవారానికీ మిగతా రోజులకూ తేడా కళ్లకు కట్టినట్టు ఉంది. ఉపవాసం ఊరికే పోదు.

ఆగస్టు 19, శుక్రవారం

మళ్లీ నవ్వాడు. మళ్లీ గిన్నె ఖాళీ. అయ్యగారి కళ్లు చెమర్చాయి.

అందరూ వెళ్లాక మేబెల్ గిన్నెలు తోముతూ అంది, "ప్రార్థన ఏడింటికి మొదలవుతుంది. అన్నయ్య నవ్వేది మాత్రం ఏడున్నర దాటాకే. గమనించావా అక్కయ్యా?"

"ప్రార్థన వేడెక్కడానికి ఆ మాత్రం పడుతుంది" అన్నాను.

అది పెదవి కొరుక్కుంది. దానికి చిన్నప్పటి నుంచీ ఆ అలవాటు ఉంది.

ఆగస్టు 24

కూరగాయల బండి దగ్గర పర్వతాలు ఎదురయ్యాడు. కోటు గుడ్డ సంచీ, చెవి మీద సుద్దముక్క. దర్జీ పని. "టీచరమ్మా, బడి గంట పోయింది ఎరుకనా? మూడు వారాలాయె, దొరుకుతలేదు. ఊరంతా పరేషాన్!"

ఏ బడి అని కంగారుపడ్డాను. మొన్న ఏప్రిల్లోనే నేను రిటైరయి బడి వదిలాను. తీరా చూస్తే గుమ్మడిపాలెం బడి.

ఎదిగిన మగవాడు నడిబజారులో నిలబడి లేని ఊళ్లో లేని గంట గురించి పరేషాన్ అవుతున్నాడు. ఇంటికి వచ్చి మేబెల్‌తో అన్నాను, ఏముంది అందులో అని. కోడిపుంజును పట్టుకుపోయింది పోస్టుమాను అని మొదట్లోనే తెలిసిపోయింది, సంచీకి ఈకలు అంటుకుని ఉంటే. అది కనిపెట్టడానికి ఆ హెడ్డుకు అరగంట, రెండు ప్లేట్ల ఇడ్లీ.

"నువ్వు చూడనన్నావుగా?"

"చూడలేదు. వంటింట్లోంచి కనబడింది."

 మేబెల్ మెల్లగా చెప్పింది. "అక్కడ పోయినవన్నీ దొరుకుతాయి అక్కయ్యా. ఎవరూ చావరు. దొంగని కూడా ఊళ్లోంచి గెంటరు. మళ్లీ వారానికి వాడూ అరుగు మీదే ఉంటాడు."

"లోకం అలా ఉండదు."

"అందుకే చూస్తాం."

పప్పు మాడుతోందని లేచి వెళ్లాను. మాడలేదు.

ఆగస్టు 26, శుక్రవారం

నవ్వాడు. తిన్నాడు. స్తోత్రం.

వాడికి తినిపిస్తూ గోడ పక్కన కూర్చుంటే అటు మాటలు చెవిన పడతాయి. పడకుండా చెవులు తీసి బల్ల మీద పెట్టలేను కదా. బడి గంట సంగతే. ఆ బడికి ఒక హెడ్మిస్ట్రెస్ ఉంది. ఊరందరినీ దొంగలని ఆమే ముందు అరుస్తుంది. ఆ ఊరి మొత్తంలో క్రమశిక్షణ గల మనిషి ఆమె ఒక్కతే. ఆమెను చూసి నవ్వుతున్నారు. రాసేవాడు ఎప్పుడో బెత్తం దెబ్బ తిని ఉంటాడు.

దొంగ డ్రిల్లు మాస్టారు. ఇది తేలడానికి ఇంకెన్ని వారాలు లాగుతారో.

సెప్టెంబరు 4, ఆదివారం

రొట్టె, ద్రాక్షారసం పంచే సంస్కారపు ఆదివారం. గుడిలో లేచి సాక్ష్యం చెప్పాను.

నాకు ఎక్కువ మాటలు రావు. "శుక్రవారపు ప్రార్థనలో నా తమ్ముడు నవ్వుతున్నాడు, తింటున్నాడు. మేము టీవీ మూశాం. ప్రభువు నోరు తెరుస్తున్నాడు" అన్నాను. గుడంతా హల్లెలూయ. బయట చెప్పుల దగ్గర ఇద్దరు ముగ్గురు వచ్చి తమ ఇళ్లలోనూ టీవీ మూసేస్తామన్నారు.

మూయడం, తెరవడం. ఆ వాక్యం బాగా కుదిరింది. ఇది గర్వంతో రాయడం లేదు.

మేబెల్ దారి పొడవునా నాకంటే పది అడుగులు ముందే నడిచింది.

సెప్టెంబరు 9, శుక్రవారం

వినాయక చవితి. వీధి మొదట్లో ఒక మైకు, చివర ఒక మైకు. అయ్యగారు వాక్యం చదువుతుంటే పెదవులు కదలడం ఒక్కటే కనబడింది.

ఆర్థర్ నవ్వలేదు. తల గోడ వైపు తిప్పుకుని, చెవి గోడకు ఆనించి పడుకున్నాడు. గిన్నె తెస్తే నోరు బిగించాడు.

"ఈ గోలలో మన ప్రార్థన పైకి ఎలా వెళ్తుంది?" అంది డోరా.

గుసగుసగా అడిగినా దేవుడు వింటాడని ముప్పై అయిదేళ్లు పిల్లలకు చెప్పాను. 

సెప్టెంబరు 16, శుక్రవారం

మైకులు అలాగే ఉన్నాయి. ఆర్థర్ అలాగే ఉన్నాడు. ఈ వారమంతా ఆ నాలుగు చెంచాలు కూడా లేవు.

డోరాకు ఆకాను గుర్తొచ్చాడు. బైబిలు వాక్యంలో ఆకాను నిషేధించిన సొమ్ము డేరాలో పాతిపెట్టుకున్నందుకు జనమంతా యుద్ధంలో ఓడిపోయారు. "ఈ ఇంట్లో కూడా ఏదో దాగి ఉంది" అని లేచింది. లేచి అన్ని గదులూ తిరిగింది. మంచాల కింద చూసింది. బియ్యం డబ్బా మూత తీసి చూసింది. చివరికి నా గదిలోంచి కేక.

"దొరికింది!"

దుప్పటి కొస పట్టుకుని నిలబడింది. దాని కింద టీవీ. అందులో దాగి ఉన్నదేముంది, నేనే గుడిలో చెప్పాను కదా. ఆ బుచ్చిలింగం కూడా ఇంత తొందరపడడు. ముందు ఏదైనా తింటాడు.

"మూస్తే చాలదు కాంతమణీ, ఇంట్లోంచి పోవాలి. రేపే అమ్మెయ్."

"అది ఆర్థర్‌ది. వాణ్ణి అడిగి అమ్ముతాను" అన్నాను.

"వాడెలా చెప్తాడు?"

"అందుకే ఆగుదాం."

వెళ్తూ వెళ్తూ ఆమె విమలమ్మ గుమ్మం దగ్గర ఆగి ఏదో చెప్పింది. చెయ్యి తిప్పి తిప్పి చెప్పింది. నాకు వినబడలేదు.

సెప్టెంబరు 20

మైకులు తీసేశారు.

డాక్టరు వచ్చి చూశాడు. ఆర్థర్ మణికట్టు పట్టుకుంటే వేళ్లు రెండు చుట్లు వచ్చేలా ఉన్నాయి. "శనివారం దాకా కాదు, ఆపై శనివారం దాకా చూస్తాను. అప్పటికీ తినకపోతే ఆసుపత్రిలో చేర్చి ముక్కులోంచి గొట్టం వెయ్యాలి. ఒకసారి వేస్తే ఈ వయసులో మళ్లీ నోటితో తింటారని చెప్పలేను" అన్నాడు.

మంచం పక్కనే నిలబడి చెప్పాడు. చెవులు బాగానే ఉన్నాయని చెప్పినవాడూ వాడే. ఆర్థర్ కళ్లు మూసుకున్నాడు.

సెప్టెంబరు 23, శుక్రవారం

ఎంత నిశ్శబ్దమంటే గోడ మీద బల్లి కదిలినా వినబడేలా ఉంది. డోరా అందుకు తగ్గట్టు చేసింది. ముప్పావు గంట. గుడి రేకులు కూడా వదలలేదు.

ఆర్థర్ చెవి గోడకు ఆనించి ఎదురు చూశాడు. ఎదురు చూశాడని ఎందుకు రాశానో తెలియదు. కంటి చివర నుంచి ఒక చుక్క జారి చెవిలోకి పోయింది. జావ గట్టిపడేదాకా గిన్నె పట్టుకుని కూర్చున్నాను.

సెప్టెంబరు 24

ఏమీ లేదు.

సెప్టెంబరు 27

విమలమ్మ సర్వపిండి పట్టుకుని వచ్చింది. వేడిగా ఉంది, పల్లీలు ఎక్కువ వేసింది.

"ఆర్థరన్నకు ఎట్లున్నది టీచరమ్మా?"

"అలాగే ఉన్నాడు."

"ఇగ మంచిగైతది తియ్యిన్రి. మేం సుత శుక్రారం నాడు టీవీ సప్పుడు మొత్తం బంద్ చేసినం. మీ డోరమ్మ చెప్పలే? మా టీవీ సప్పుడుకు మీ దేవుడు లోపలికి వస్తలేడంట. గందుకే ఉత్త బొమ్మలే చూస్తున్నం. బుచ్చిలింగం ఉత్తగ నోరు ఆడిస్తుంటే మా ఆయన పక్క నుంచి మాటలు కల్పిస్తుండు. కిసుక్కున నవ్వుదామంటే మీకు వినబడతదని భయం. కొంగు నోట్ల కుక్కుకుని సస్తున్నం!"

నేను సర్వపిండి తుంచుతూ ఉన్నాను.

"అంతకుముందే మంచిగుండె. మేమిటు నవ్వితే ఆర్థరన్న అటు నవ్వుతుండె. మా ఆయన అంటుండె, 'అగో, గార్డు సాబు కూడ పచ్చజెండ ఊపిండు' అని."

సర్వపిండి బాగుందని చెప్పి పంపించాను. విమలమ్మకు మాటలు ఎక్కువ.

సెప్టెంబరు 28

అది కాదు. కానే కాదు.

సెప్టెంబరు 29

'ఈ ఇంట్లో టీవీ వెలగదు' అని మాట ఇచ్చాను. ఆ ఇంట్లో అనలేదు. వినడం చూడడం కాదు. గోడ ఉమ్మడిది.

ఇది ప్లీడరు వాదన. గుమ్మడిపాలెంలో అయితే దీనికి చప్పట్లు కొడతారు.

శనివారం ఎల్లుండి.

సెప్టెంబరు 30, శుక్రవారం

ప్రార్థన ఈ వారం డోరా ఇంట్లో పెట్టుకోమని మేబెల్‌తో చెప్పి పంపించాను. నేను ఆరింటికే ఒక్కదాన్నే మోకాళ్లూనాను. ఏమడిగానో రాయను. తరువాత చీర మార్చుకుని పక్కింటికి వెళ్లాను. పదహారేళ్లుగా ఆ గడప తొక్కింది చావులకూ పెళ్లిళ్లకూ మాత్రమే.

పర్వతాలు కుట్టుమిషను ముందు నుంచి లేచి నిలబడ్డాడు. విమలమ్మ చేతులు తుడుచుకుంటూ వచ్చింది. "ఏంది టీచరమ్మా, గిట్లొచ్చిన్రు? సప్పుడు చేస్తలేం, ఒట్టు!"

"టీవీ సౌండు..." అన్నాను. 

"బందే ఉన్నది."

"పెంచండి."

ఇద్దరూ ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు.

"గదేంది? గా డోరమ్మ వచ్చి బంద్ చెయ్యిమన్నది. మీరొచ్చి పెంచుమంటున్రు. మీ దేవునికి ఏది కావాల్నో జెర మీరు మీరు మాట్లాడుకుని చెప్పున్రి టీచరమ్మా!"

పర్వతాలు ఆమె భుజం మీద తట్టాడు. "నువ్వాగే. గార్డు సాబు కోసమా టీచరమ్మా?"

తల ఊపాను.

 అతను టీవీ బల్లను రెండు చేతులా పట్టి ఈడ్చుకుంటూ వెళ్లి మా గోడకు ఆనించాడు. "ఇగ సూడున్రి. ఇయ్యాల బుచ్చిలింగం మీ ఇంట్లనే ఉంటడు."

వచ్చి ఆర్థర్ పక్కన కూర్చున్నాను. ఏడున్నరకు గోడలోంచి ఆ దిక్కుమాలిన గుమ్మడిపాలెం సన్నాయి మొదలైంది. ఆర్థర్ కళ్లు తెరిచాడు. ముందు గోడను చూశాడు. తరువాత నన్ను చూశాడు. నేను జావ కలుపుతూ ఉన్నాను.

బడి గంట సంగతే, ఇంకా లాగుతున్నారు. బుచ్చిలింగం బావిలో దిగాడు. పైకి ఎక్కలేకపోయాడు. డ్రిల్లు మాస్టారు తాడు వేశాడు, తాడు చిన్నదయింది. పక్కింట్లో పర్వతాలు పడి పడి నవ్వుతున్నాడు. ఆర్థర్ ఛాతీ కదిలింది, గొంతు కదిలింది, నవ్వాడు. నోట్లోకి మొదటి చెంచా వెళ్లింది. రెండోది వెళ్లింది. ఆ మూర్ఖపు హెడ్డు బావిలోంచే విచారణ మొదలుపెట్టాడు. హెడ్మిస్ట్రెస్ బావి గట్టున నిలబడి, ఊరందరి ఇళ్లూ సోదా చెయ్యమని అరుస్తోంది. న్యాయమైన మాట. ఒక్కడూ వినడు.

నాకు ఓపిక పోయింది. "ఇంకా ఏం వెతుకుతాడు వీడు? డ్రిల్లు మాస్టారే దొంగ. చిన్న తాడు వేసినప్పుడే తెలియడం లేదూ?" అన్నాను.

"కాదు."

చెంచా నా చేతిలోనే ఉంది. పక్కింటివాళ్ల మాట అనుకున్నాను. గోడ వైపు చూశాను.

"కా... దు" అన్నాడు ఆర్థర్. నన్నే చూస్తూ అన్నాడు.

అమ్మ పోయినప్పుడు వాడికి తొమ్మిదేళ్లు. అప్పటి నుంచి నేను ఏ బడి అంటే ఆ బడి, ఏ చొక్కా అంటే ఆ చొక్కా. ఈ మాట వాడు నాతో ఎప్పుడూ అనలేదు.

"కాకపోతే మరెవర్రా?" అన్నాను. నా గొంతు అరిచినట్టు వచ్చింది. గోడ అవతల టీవీ ఆగిపోయింది. "ఏమైంది టీచరమ్మా?" అని విమలమ్మ కేక.  ఆర్థర్ జావ కోసం నోరు తెరిచాడు.

"ఏం కాలేదు, పెట్టు పెట్టు!" అని నేను గోడకు చెప్పాను.

మేబెల్ వచ్చేసరికి టీవీ మీది దుప్పటి తీసి మడత పెడుతున్నాను. అది గుమ్మంలోనే నిలబడిపోయింది.

"వాడు మాట్లాడాడు. మాట మాటే" అన్నాను.

అక్టోబరు 2, ఆదివారం

నిన్న డాక్టరు వచ్చాడు, "గొట్టం అవసరం లేదు" అన్నాడు. ఫీజు తీసుకున్నాడు.

గుడిలో డోరా నాకంటే ముందే లేచింది. ప్రార్థన తన ఇంటికి మారిన రోజే ఆర్థర్ నోరు తెరుచుకుందని, స్థలంలో కూడా మహిమ ఉంటుందని చెప్పింది. హల్లెలూయ అన్నారు.

నేను లేచాను.  "నా తమ్ముడు మాట్లాడిన మాట నిజం. పక్కింటి టీవీలో గుమ్మడిపాలెం వింటూ మాట్లాడాడు. అంతకుముందు నవ్వినవి కూడా దానికే. పోయిన నెల నేను చెప్పింది పొరపాటు" అని కూర్చున్నాను. హల్లెలూయ ఎవరూ అనలేదు. వెనక బెంచీలో ఎవరో దగ్గు నటించారు.

జకర్యా అయ్యగారు కళ్లజోడు తీసి తుడుచుకున్నారు. "పూర్వం దేవుడు గాడిద చేత కూడా మాట్లాడించాడు కదమ్మా. ఆయనకు ఎవరైనా ఒకటే" అన్నారు.

ఇక్కడ గాడిద ఎవరో ఆయన చెప్పలేదు. డోరా టీవీ అనుకున్నట్టుంది. నేను అడగలేదు.

అక్టోబరు 7, శుక్రవారం

ప్రార్థన ఆరింటికి మార్చాం. మార్చమన్నది అయ్యగారే. ముగిశాక ఆయనకు గొడుగు దొరకలేదు. వెతుకుతూ ఏడున్నర దాకా ఉండిపోయారు. గొడుగు ఆయన చేతికే వేలాడుతోంది.

విమలమ్మా పర్వతాలూ కూడా వచ్చారు. వాళ్లది చిన్న టీవీ. మేబెల్ పునుగులు వేసింది. ఆర్థర్‌కు మూడు దిండ్లు పెట్టి కూర్చోబెట్టాం.

ఇంత చెత్త ముగింపు నేనెక్కడా చూడలేదు. బావి వృథా, తాడు వృథా, డ్రిల్లు మాస్టారు ఉత్త వెర్రిబాగులవాడు. బుచ్చిలింగం హెడ్మిస్ట్రెస్ ఇంటికి కాఫీకి వెళ్లాడు. ఆమె గదిలో మూలన ఒక దుప్పటి. దుప్పటి ఎత్తాడు. కింద బడి గంట. పిల్లలు గంట విని ఇంటికి పరుగెడుతున్నారనీ, చదువు మీద శ్రద్ధ కుదిరేదాకా గంట మోగకూడదనీ ఆమే దాచిపెట్టిందట.

 మేబెల్ పెదవి కొరుక్కుంటోంది. పర్వతాలు పైకప్పు చూస్తున్నాడు. అయ్యగారు గొడుగు చూసుకుంటున్నారు.

"హెడ్మిస్ట్రెస్‌లు అలాంటి పనులు చెయ్యరు. రాసేవాడికి బడి అంటే ఏమిటో తెలియదు" అన్నాను.

ఆర్థర్ మెల్లగా నా వైపు తిరిగాడు. బాగున్న చెయ్యి ఎత్తి పొట్ట తడుముకున్నాడు.

"ఆ... గండి" అన్నాడు. "నాకు... ఆకలేస్తోంది."

విమలమ్మ అందరికంటే ముందు నవ్వింది. తరువాత ఎవరు నవ్వలేదో చెప్పడం కష్టం.

జావ గిన్నె పక్కకు నెట్టాడు. పునుగు కావాలట. మెత్తగా చిదిమి పెట్టాను.